తువ్వాలు లేని వేషం

జూన్ 8, ఆదివారం

నా పాత్రకి పేరుంది! ఇది ముందు రాసి, మిగతాది తర్వాత రాస్తాను.

పొద్దున సండా వచ్చింది. ముప్పై ఏళ్ళు కూడా ఉండవు, డైరెక్టరట. పజుండౌంగ్ పేటలో మా మేడ మెట్లు ఎక్కేసరికి ఆయాసపడి మంచినీళ్ళు అడిగింది. “ఉలే, మీకోసం ఒక వేషం ఉంది” అంది. ఇక్కడ బాబాయిని అలా పిలుస్తారు. ఏం వేషం, పాలవాడా, వాచ్‌మనా, వడ్డీవ్యాపారా అని అడిగాను. నలభై ఏళ్ళుగా బర్మా సినిమాల్లో నేను వేసినవి ఈ మూడే. మధ్యమధ్య శనగలమ్మేవాడూ, చాకలీ. ఒక్కదానికీ పేరుండదు. స్క్రిప్టులో ‘కలా’ అని రాసి ఉంటుంది, మన రంగువాళ్ళని ఇక్కడ పిలిచే మాట. భుజం మీద తువ్వాలు వేసుకుని రావడం, వంకర బర్మా మాట్లాడటం, హాలు నవ్వడం, హీరో నన్ను పక్కకి తోసెయ్యడం. ఇదీ నా కళ.

“సయా ఉ రాజు” అంది సండా. సయా అంటే పంతులు, ఉ అంటే మన ‘గారు’ లాంటిది. ఈ పేటలోనే పుట్టిన తెలుగువాడు, పేట పిల్లలందరికీ బర్మా భాష నేర్పినవాడు. ఊరొదిలి వెళ్ళిపోయిన శిష్యుల కోసం ఎదురు చూస్తూంటాడు. సినిమా అంతా ఆయనదే. “మాట స్వచ్ఛంగా ఉండాలి ఉలే. తువ్వాలు అస్సలు ఉండకూడదు” అంది.

నా మాట స్వచ్ఛమే. ఇక్కడే పుట్టి, బర్మా బళ్ళో చదివి, ప్రెస్సులో బర్మా అక్షరాలు కూర్చి బతికినవాణ్ణి. వంకర బర్మాయే నేను పనిగట్టుకుని నేర్చుకోవలసి వచ్చింది. ఎక్కడ నేర్చుకున్నానో గుర్తులేదు. గాలికి వచ్చి ఉంటుంది.

రత్నానికి చెప్పాను. మా ఆవిడ పూర్తి పేరు వెంకటరత్నమ్మ, అంత పేరు పిలిచే ఓపిక పెళ్ళయిన వారానికే పోయింది. చేపల పులుసు కలుపుతూ “కాయ కొట్టినారేటి?” అంది. “ఇంకా లేదు, మొదటి రోజు కొడతారు” అన్నాను. ప్రతి సినిమాకీ అడుగుతుంది, ప్రతి సినిమాకీ ఇదే చెబుతాను. నిజానికి బర్మావాళ్ళు కొబ్బరికాయ కొట్టరు. అరటిపళ్ళ అత్తాల మధ్య తొడిమతో సహా కాయని నిలబెట్టి మొక్కుతారు. అది పగిలినా, తొడిమ ఊడినా అపశకునం. ఇదంతా ఆవిడకి విడమర్చి చెప్పేలోగా పులుసు మాడిపోతుంది.

ఆవిడ నా సినిమా ఒక్కటీ చూడలేదు. హాల్లో ఏసీ పడదు.

వెళ్తూ వెళ్తూ సండా ఒక పెన్‌డ్రైవ్ ఇచ్చింది. ఎవరో ఇటలీ నటుడి సినిమాలట, పడుచుతనం నుంచి ముసలితనం దాకా. ఆయన్ని చూస్తే నేను గుర్తొచ్చానంది.

జూన్ 10

కరెంటు లేదు. ఇటలీ లేదు.

జూన్ 15

మధ్యాహ్నం కరెంటు వచ్చింది. అమ్ములు తన బ్యాటరీ చచ్చిన ల్యాప్‌టాప్ పెట్టింది. అమ్ములు మా మనవరాలు, మొబైల్ కొట్లో పని. తెలుగు అర్థమవుతుంది, మాట్లాడుతుంది, చదవడం రాదు. అందుకే ఈ డైరీని అలమారలో దాచకుండా టీవీ మీదే పెట్టుకుంటున్నాను.

ఆ ఇటలీ ఆయన పేరుకి నా నోరు తిరగలేదు. బావగారు అని పెట్టుకున్నాను. మొదటి సినిమాలో హోటల్లో సప్లయరు, సూపు ఒలకబోసి తిట్లు తింటాడు. తర్వాత టికెట్ కలెక్టరు, శవాలబండి తోలేవాడు, చర్చి ఫాదరు, మంగలి, మళ్ళీ సప్లయరు. ఏళ్ళు గడిచేకొద్దీ జుట్టు పోతోంది గానీ ఆయన నిలబడే మూల మారలేదు. ముందు హీరో, హీరోయిన్ ముద్దులాడుతూంటే వెనక బావగారు ప్లేట్లు తుడుస్తూంటాడు. నేను ప్లేట్లనే చూశాను. ఏ రెండు సినిమాల్లోనూ ఆ తుడవడం ఒకలా లేదు. ఒకదాంట్లో ఉద్యోగం ఊడుతుందని భయపడేవాడి తుడుపు, ఇంకోదాంట్లో యజమాని మీద కసి ఉన్నవాడి తుడుపు. ఎవరడిగారు ఆయన్ని! ఎవరూ అడగని పనిని అంత శ్రద్ధగా చేసిన మనిషిని చూస్తే నాకు కళ్ళు చెమర్చాయి.

అమ్ములు ఫోన్‌లో చూసి చెప్పింది. ఆయనది ఆ దేశంలో దక్షిణాన ఏదో పేద ఊరట. ఆ యాస వింటే పట్నంవాళ్ళకి నవ్వట. అందుకని యాభై ఏళ్ళపాటు ఆయనచేత ఆ యాసే మాట్లాడించారు. మాట్లాడే ముందు చెవితమ్మె ఒకసారి లాక్కుంటాడు. చెయ్యి చెవి దగ్గరికి వెళ్ళగానే జనం నవ్వడానికి సిద్ధమైపోయేవారట.

“తాతా, నువ్వూ ఈయనా సేమ్ సేమ్” అంది అమ్ములు.

రత్నం వంటింటి గుమ్మంలో నిలబడి కాసేపు చూసింది.

“ఆ ముసిలాయన ఎవులు?”

“ఇటలీ నటుడు.”

“ఆయన పెల్లాం సూసిందేటి ఇయన్నీ?”

నాకేం తెలుసు అన్నాను. లోపలికి వెళ్ళిపోయింది.

ఆఖరి సినిమాలో బావగారు జడ్జీ. ముసలాయన, బల్ల మీద రెండు చేతులూ ఆన్చి కూచున్నాడు. చెయ్యి చెవి దగ్గరికి పోలేదు. నోరు తెరిచి ఏదో చెప్పబోయాడు, కరెంటు పోయింది.

జూన్ 19

రిహార్సల్. గొంతు కొంచెం బొంగురు. అంతే.

అంతే అని రాశాను గానీ జరిగింది ఇదీ. సండా ఫోన్‌లో రికార్డు పెట్టి “యాక్షన్” అంది. బర్మా సినిమాల్లో డైలాగులు ఎవరూ బట్టీపట్టరు. కెమెరా పక్కన కూచుని ప్రాంప్టరు చదువుతూంటుంది, మనం అందుకుంటాం. ఆ అమ్మాయి చదివింది. నేను అందుకున్నాను. నా నోట్లోంచి శనగలమ్మేవాడు బయటికొచ్చాడు.

ప్రాంప్టరు పక్కున నవ్వింది. సండా నవ్వలేదు. “మళ్ళీ చేద్దాం ఉలే” అంది. మళ్ళీ చేశాను. మళ్ళీ శనగలు.

జూన్ 20

తమలపాకుల కొట్టు ఆయనతో అరగంట మాట్లాడాను. ముత్యాల్లాంటి బర్మా! బొంగురు ఏమీ లేదు.

జూన్ 24

రిహార్సల్. తువ్వాలు తీసి కుర్చీ మీద పెట్టమన్నారు. పెట్టాను. భుజం బోడిగా ఉంది, చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. శనగలు.

జూన్ 27

ప్రొడ్యూసరు వచ్చాడు. ఉ థాన్ టిన్. చెడ్డవాడు కాదు, నాకు కుర్చీ వేయించి టీ తెప్పించాడు. నేను రెండు ముక్కలు మాట్లాడేదాకా ఉండి, సండాని పక్కకి తీసుకెళ్ళాడు. పక్కకి అంటే నాలుగడుగులు, అన్నీ వినబడ్డాయి. ఇంకో పెద్ద నటుడున్నాడు, మంచి మాట. బర్మా ఆయనే, కాస్త నలుపు రంగు పూస్తే సరిపోతుంది. “రంగు మేకప్‌లో వస్తుంది. మాట మేకప్‌లో రాదు కదా” అన్నాడు.

న్యాయమైన మాట.

సండా పోట్లాడింది. చివరికి ఒప్పందం ఏమిటంటే, ఆరో తారీకు షూటింగ్ మొదలు. ఆ రోజు మొదటి సీను నాతో తీస్తారు. కుదిరితే నేను సయా ఉ రాజుని. కుదరకపోతే మర్నాటి నుంచి ఆ ఇంకో నటుడు నా రంగు పూసుకుని వస్తాడు.

ఇంటికొచ్చి కుర్చీలో కూలబడ్డాను. ఎవరికీ చెప్పలేదు. అమ్ములు మాత్రం ఫోన్‌లో సండా మాట వినేసింది. దాని నోట్లో నువ్వుగింజ నానదు, వాళ్ళ అమ్మమ్మకి ఎప్పుడు చేరవేస్తుందో.

రత్నం అన్నానికి పిలిచింది. లేవలేదు. మళ్ళీ పిలిచింది. మూడోసారి గరిటెతో వచ్చి ఎదురుగా నిలబడింది.

“పడుచుతనంలో కూకోండంటే కూకునీవోరు కాదు. ఇప్పుడు లెగండంటే లెగరు. మీతో ఏటి సెయ్యాల నాను?”

లేచాను. నవ్వు కూడా వచ్చింది. అన్నం సయించింది.

జులై 2

పొద్దున బజారుకి రత్నంతో వెళ్ళాను. రొయ్యలు బేరమాడింది. మిల్లుల దగ్గర తెలుగువాళ్ళ ఊళ్ళో పెరిగిన మనిషి, బర్మా బడి మొహం చూడలేదు, ఆవిడ బర్మా ఆవిడది. రొయ్యలమ్మి నవ్వుతూ ఇంకో రెండు వేసింది. ఆవిడ బేరం ఎప్పుడూ బాగానే కుదురుతుంది.

నా బేరం నాలుగు రోజుల్లో తేలుతుంది.

జులై 6, ఆదివారం

ఇవాళ్టిది రాయకుండా పడుకోను.

షూటింగ్ మా పేటలోనే, మూతపడిన ఓ పాత ట్యూషన్ బడిలో. పొద్దున్నే బల్ల మీద మొక్కుబడి సర్దారు. మూడు అత్తాల అరటిపళ్ళు, మధ్యలో తొడిమ మాత్రం ఉంచి పీచు ఒలిచిన కొబ్బరికాయ, పూలు, తమలపాకులు. మొదటి షాటు ఎప్పుడూ దాని మీదే తీస్తారు, కెమెరా తిరుగుతోంది. నేను సయా బట్టల్లో పక్కన నిలబడ్డాను. భుజం మీద తువ్వాలు ఉంది. పిలిచేదాకా ఉంచుకుంటాను అని సండాని బతిమాలాను.

అప్పుడు రత్నం వచ్చింది. వెనక అమ్ములు, దొంగచూపులు చూస్తూ. ఏమేం చెప్పి తీసుకొచ్చిందో ఆ మొహంలోనే తెలిసింది. రత్నం ఇక్కడి ఆడవాళ్ళలా ఉతికిన లుంగీ కట్టి, తలలో పూలు పెట్టుకుని ఉంది. నలభై ఏళ్ళలో నా షూటింగుకి రావడం ఇదే మొదలు.

“ఎందుకొచ్చావు?” అన్నాను తెలుగులో.

“మొక్కుకోడానికొచ్చినాను. మీ గురించి కాదు, ఏసం గురించి” అంది.

సండా ఎదురెళ్ళి దణ్ణం పెట్టింది. “రండి ఆంటీ, మీరూ మొక్కుకోండి” అని బల్ల ముందుకి దారి ఇచ్చింది. రత్నం వెళ్ళి కళ్ళు మూసుకుంది. పెదాలు కదిలాయి. తర్వాత చుట్టూ చూసింది, ఎవరూ కదలటం లేదు. ఇంత మంది మగాళ్ళున్నారు, ఒక్కడికీ పని తెలీదు అనుకుని ఉంటుంది. కాయ అందుకుంది. నాకు అర్థమయ్యేలోపే వంగి గుమ్మం రాతికేసి ఫట్‌మని కొట్టింది.

కాయ రెండు చెక్కలైంది. నీళ్ళు గుమ్మం మీదుగా పారి లైటు వైర్ల వైపు వెళ్ళాయి. ఎవరో ‘అమ్మో’ అన్నారు. లైట్ల మనిషి పరిగెత్తి ప్లగ్గు పీకాడు. నేను భుజం మీద తువ్వాలు లాగి నేల మీద పడేసి తుడవడం మొదలెట్టాను. ఉ థాన్ టిన్ మొహంలో నెత్తురు చుక్క లేదు. మొదటి రోజు, మొదటి షాటు, పగిలిన కాయ. ఆయనకి అంతకంటే చెడ్డ శకునం లేదు.

రత్నం చేతిలో చెక్కలతో అలాగే నిలబడిపోయింది. అందరి మొహాలూ చూసింది. తప్పు జరిగిందని తెలిసింది గానీ ఏ తప్పో తెలియలేదు. బర్మాలో క్షమాపణ చెప్పింది. తెలియక చేశానని, మంచి జరగాలనే కొట్టానని, కోప్పడొద్దని. ఎత్తుపల్లాలు లేకుండా, ప్రతి మాట చివరా ఈడ్చి.

అచ్చం నా పాలవాడు. అచ్చం నా వాచ్‌మన్.

లైట్ల దగ్గర ఇద్దరు ముగ్గురు నవ్వారు. చెడ్డవాళ్ళు కాదు. ఆ మాట వింటే నవ్వాలి అని వాళ్ళకి అలవాటు, చిన్నప్పటినుంచి నా సినిమాలు చూసి పెరిగారు. నేను రత్నం మొహం చూశాను. కొత్తగా ఏమీ బాధపడలేదు ఆవిడ. అదే నాకు గుచ్చుకుంది. ఆ నవ్వు ఆవిడకి ఎప్పటినుంచో తెలుసు. అది నా మీద నవ్వే నవ్వు అనుకుని నేను ఇన్నేళ్ళు జేబులో వేసుకున్నాను. ఆవిడ హాలుకి ఎందుకు రాదో నాకు అప్పుడు తెలిసింది. అసలు ఆ రోజుల్లో హాళ్ళలో ఏసీ ఎక్కడుంది!

నేల మీంచి లేచాను. కెమెరాకి ఎదురుగా ఉన్నానని కూడా గమనించలేదు.

“ఈవిడ నా భార్య” అన్నాను. “మొదటి రోజున కాయ కొడతారని ఈవిడకి ఏళ్ళ తరబడి అబద్ధం చెప్పింది నేను. మీరు కాయని నిండుగా నిలబెట్టి దేవుడికి గౌరవం ఇస్తారు. మా ఇళ్ళల్లో పగలగొట్టి, లోపల దాచుకున్నది ఏమీ లేదని చూపించి ఇస్తాం. ఈవిడ మీ సినిమా బాగుండాలని మొక్కి కొట్టింది. శకునం ఎలాంటిదని అడిగితే, నాకు తెలిసి ఇంతకంటే మంచిది లేదు. ఇక ఈవిడ మాట విని మీకు నవ్వు వచ్చిందంటే, ఆ నవ్వు మీకు నేర్పినవాణ్ణి నేనే. ఇవాళ్టితో మానెయ్యండి. నేనూ మానేస్తాను.”

గట్టిగా అనలేదు. బళ్ళో పిల్లలకి చెప్పినట్టు చెప్పాను. నవ్వినవాళ్ళు తలలు దించుకున్నారు. అందులో ఒకడు వచ్చి రత్నం చేతిలోంచి చెక్కలు రెండు చేతులతో అందుకుని బల్ల మీద పెట్టాడు.

“ఉలే, ఇటు రండి” అని సండా పిలిచింది. మొక్కుబడి షాటుకని పెట్టిన కెమెరాని ఎవరూ ఆపలేదట. మానిటర్ మీద చూపించింది. బోడి భుజంతో ఒక ముసలాయన నిలబడి చక్కటి బర్మా మాట్లాడుతున్నాడు. తెర మీద నా మొహం వందసార్లు చూశాను. నా గొంతు రోజూ వింటాను. ఆ మొహంలోంచి ఆ గొంతు రావడం మాత్రం ఇదే మొదటిసారి. ఎవరో పెద్దమనిషిలా ఉన్నాడు. పిల్లలు భయపడని పెద్దమనిషిలా ఉన్నాడు.

“ఈయనే నాకు కావాలి” అంది సండా. “ప్రాంప్టరు వద్దు. ఆంటీని చూస్తూ చెప్పండి.”

రత్నాన్ని కెమెరా పక్కన, ప్రాంప్టరు కుర్చీలో కూచోబెట్టారు. తువ్వాలు తడిసి మూల పడి ఉంది. యాక్షన్ అన్నారు. చేతులు రెండూ బల్ల మీద ఆన్చాను. సయా ఉ రాజు మాట్లాడాడు. శనగలమ్మేవాడు రాలేదు.

ఉ థాన్ టిన్ ఇంకో కాయ తెప్పించి, తొడిమ సరిచూసుకుని, బల్ల మీద నిలబెట్టాడు. ఆయన నమ్మకం ఆయనది. కొట్టిన కాయలోంచి మాత్రం రెండు ముక్కలు తిన్నాడు. వెళ్తూ నా దగ్గర ఆగి, “రేపు ఏడింటికి, సయా” అన్నాడు.

సయా అన్నాడు!

జులై 7

మిగిలిన చెక్కతో రత్నం పచ్చడి చేసింది.

“నలబై ఏల్లూ కాయ కొట్టినారని సెప్పినారు” అంది.

పచ్చడి బాగుందన్నాను.

“నాను అడిగినదానికి జవాబు సెప్పండి.”

చాలా బాగుందన్నాను.

జులై 19

చివరి సీను. చిన్నప్పుడు అల్లరిచిల్లరగా తిరిగిన శిష్యుడు ఇప్పుడు బట్టతలతో వచ్చి సయా ముందు మోకరిల్లి, ఎంతకీ లేవడు. అక్కడ సండా రాసిన డైలాగు మరీ పుస్తకంలా ఉంది. నా దగ్గర ఇంకోటి ఉంది అన్నాను. చెప్పాను. రెండుసార్లు చెప్పించుకుని నవ్వి, “ఎక్కడిది ఉలే?” అంది.

ఇంట్లోది అన్నాను.

సెప్టెంబరు 21

కరెంటు పొద్దున్నుంచి పోలేదు. వింత. బావగారి ఆఖరి సినిమా చివరిదాకా చూశాను. ఆ రోజు ఆయన చెప్పబోయింది పెద్ద తీర్పేమో అనుకున్నాను. కాదు. కిటికీ మూయమంటాడు, చలిగా ఉందని. అంతే డైలాగు. కానీ ఆ నాలుగు మాటలకి నేను వెనక్కి తిప్పి మూడుసార్లు చూశాను. యాభై ఏళ్ళు ప్లేట్లు తుడిచినవాడికే అలా చెప్పడం వస్తుంది. పేర్లు పడేటప్పుడు అమ్ములు చదివింది, ఆయనది నాలుగోది. నాలుగోదే, ఫరవాలేదు. ఉంది కదా.

ఈసారి రత్నం నా పక్కనే కూచుని చూసింది. “ఈయనకి పెల్లాం మంచిదై ఉంటాది” అని తేల్చింది.

డిసెంబరు 14, ఆదివారం

సినిమా వేశారు. చిన్న హాలు, మా పేటవాళ్ళూ, షూటింగువాళ్ళూ, సండా స్నేహితులూ. రత్నం స్వెట్టరు వేసుకుని వచ్చింది. ఏసీ పడదని నేను అందరికీ చెప్పి ఉంచానట, అమ్ములు గుర్తు చేసింది. తీరా లోపల ఏసీ లేదు, జనరేటర్ మీద నాలుగు ఫ్యాన్లు. స్వెట్టరు విప్పి నా ఒళ్ళో పడేసింది.

తెర మీద ముందు నా పేరు పడింది. కూర్మనాథం. సయా ఉ రాజుగా. రత్నం బర్మా చదవలేదు. వేలు పెట్టి చూపించాను. “అంతేనా, అంత సిన్నదేనా?” అంది. తల మాత్రం తిప్పలేదు.

నా మొహం వచ్చింది. మాట్లాడాను. నా చెవులు అలవాటుగా నవ్వు కోసం చూశాయి. ఎవరూ నవ్వలేదు. వింటున్నారు. చీకట్లో రత్నం చెయ్యి నా మోచేతి మీదకి వచ్చింది, చివరిదాకా తియ్యలేదు.

ఆఖరి సీను. బట్టతల శిష్యుడు మోకరిల్లాడు. సయా లెమ్మన్నాడు. లేవలేదు. సయా అతన్ని చూసి అన్నాడు: “అప్పుడు కూచోరా అంటే కూచునేవాడివి కాదు. ఇప్పుడు లేవరా అంటే లేవవు. నీతో ఏం చెయ్యాలి నేను?”

ఆ మాట ఎక్కడిదో నాకు కాక ఆ హాల్లో ఒక్క మనిషికే తెలుసు. నా పక్కన కుర్చీ కిర్రుమంది. ఆవిడ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది, ఆగలేదు, పెద్దగా నవ్వేసింది. ఆ తర్వాతే హాలంతా నవ్వింది.

మొదట నవ్వింది మా రత్నం.